కాలుణ్ని గెలిచినవాడి వారసులు

చేతులు రాసిన చరిత్ర – 9వ భాగం

గత భాగంలో లింగంపేట నాగన్న బావి దగ్గర ఆగాం. కామారెడ్డి నుంచి ఎల్లారెడ్డి పోయే దారిలో ఉన్న ఈ ఊరికి ఆ మెట్లబావి పెద్ద పేరు తెచ్చింది. బావి తవ్వించగలిగిన వాళ్లు, గుడి కట్టించగలిగిన వాళ్లు, శాసనం చెక్కించగలిగిన వాళ్లు తమ గుర్తును రాతికి అప్పగించి వెళ్లారు. చరిత్రకారులు ముందుగా చూసేదీ ఆ రాళ్లనే. మరి రాయి కొనే స్తోమత లేనివాళ్ల మాటేమిటి? గుంటమగ్గంలో కాళ్లు పెట్టుకుని పొద్దున్నుంచి పొద్దుగూకే దాకా నాడె ఆడించినవాళ్లు తమ వంశం కథను ఎక్కడ దాచుకున్నారు?

తమ చేతికి తెలిసిన వస్తువులోనే దాచుకున్నారు. బట్ట మీద దాచుకున్నారు.

కాలాన్ని బట్టలో నేసే విద్య మాయకథల్లోనే ఉంటుందనుకుంటాం. తెలంగాణ పద్మశాలీల కులపురాణంలో ఆ మాయ ఉంది. ఆ పురాణాన్ని మూరల కొద్దీ బట్ట మీద బొమ్మలుగా రాయించి, ఊరూరా విప్పి, రాత్రుళ్లు కథ చెప్పించుకున్న ఆచారమూ ఉంది. మొదటిది కల్పన, రెండోది చరిత్ర. ఈ రెండూ ఎలా ముడిపడ్డాయన్నదే ఈ భాగం.

పదహారేళ్ల ఆయుష్షు

కథ భృగువంశంలో మొదలవుతుంది. సంతానం లేని మృకండు మహర్షి శివుణ్ని గురించి తపస్సు చేశాడు. మందబుద్ధితో నూరేళ్లు బతికే కొడుకు కావాలా, పదహారేళ్లే బతికే జ్ఞాని కావాలా అని శివుడు అడిగితే, మృకండుడు జ్ఞానినే కోరుకున్నాడు. అలా పుట్టినవాడు మార్కండేయుడు. పదహారో ఏడు నిండిన రోజున యముడు పాశం పట్టుకుని వచ్చాడు. పిల్లవాడు శివలింగాన్ని వాటేసుకున్నాడు. పాశం లింగం మీద పడింది. లింగంలోంచి శివుడు లేచి యముణ్ని అడ్డుకున్నాడు. మార్కండేయుడు చిరంజీవి అయ్యాడు.

ఈ కథ దేశమంతా తెలుసు. తమిళనాడులోని తిరుక్కడయ్యూరులో కాలాంతకుడైన శివుడి గుడి ఈ కథకే ప్రసిద్ధి. పద్మశాలీలు మాత్రం దాన్ని అక్కడితో ఆపలేదు. చావును ఎదిరించి నిలిచిన ఆ పిల్లవాణ్ని తమ మూలపురుషుడిగా పెట్టుకుని, అతని ఇంటి నుంచి నేత పుట్టిందని కథ కొనసాగించారు.

తామర నారతో తొలి బట్ట

లోకంలో దేవతలకూ మనుషులకూ ఒంటి మీద బట్ట లేదు. మార్కండేయుడు యజ్ఞం చేశాడు. హోమగుండం నుంచి భావనఋషి వచ్చాడు. విష్ణువు బొడ్డులోంచి మొలిచిన తామర నుంచి నారతీసి, దారం చేసి, తొలి బట్ట నేశాడు. దేవతలకు ఆ బట్ట కట్టబెట్టాడు. శివుడు మెచ్చి అతనికి పులిని వాహనంగా ఇచ్చాడు. సూర్యుడి కూతురు భద్రావతిని భావనఋషి పెళ్లాడాడు. దారిలో కాలవాసురుడనే రాక్షసుడు అడ్డుపడితే చంపాడు. ఒక కథనం ప్రకారం మగ్గం పనిముట్లు ఆ రాక్షసుడి ఎముకలతోనే తయారయ్యాయి. భావనఋషి బిడ్డల నుంచి పద్మశాలీల నూటొక్క గోత్రాలు వచ్చాయి. మద్రాసు మ్యూజియం అధికారి ఎడ్గార్ థర్‌స్టన్ 1909లో అచ్చు వేసిన ఏడు సంపుటాల గ్రంథంలో పద్మశాలీల గురించి రాస్తూ ఈ కథను ఎక్కించాడు.

తామర తూడుతో బట్ట నేయడం కవుల ఊహ అని కొట్టిపారేయకండి. మయన్మార్‌లోని ఇన్లే సరస్సు దగ్గర ఆడవాళ్లు ఇప్పటికీ తామర కాడలు విరిచి, లోపలి సన్నని పోగులు లాగి, తడి చేత్తో బల్ల మీద పేని దారం చేస్తారు. ఆ దారంతో నేసిన వస్త్రాన్ని బుద్ధ విగ్రహాలకు సమర్పిస్తారు. ఒక్క కండువాకు వేల కాడలు విరవాలి. మన నేతగాళ్లు తమ దేవతకు తామర నారను ఎంచుకోవడంలో చేతిపని తెలిసిన చూపు ఉంది. విరిగిన తూడు నుంచి పోగు సాగడం గమనించినవాడికే ఆ కథ తడుతుంది.

ఇప్పుడు కథ మొత్తాన్ని ఒక్కసారి చూడండి. తాత చావును ఆపాడు. తండ్రి అగ్నిలోంచి వచ్చి లోకం మానం కాపాడాడు. తల్లి పొద్దును నడిపే సూర్యుడి కూతురు. కొలిచిన ఆయుష్షు నుంచి కొలత లేని ఆయుష్షుకు చేరిన వంశం చేతికి దారం వచ్చింది. గ్రీకుల పురాణంలో ముగ్గురు దేవతలు మనిషి ఆయుష్షును దారంగా వడికి, కొలిచి, తెంపుతారు. అక్కడ దారం విధి చేతిలో ఉంది. తెలంగాణ నేతగాడి పురాణంలో దారం పనివాడి చేతిలో ఉంది. నాకు ఇందులో కనిపించే గొప్పతనం అదే. ఊరి దొర ముందు చేతులు కట్టుకుని నిలబడ్డ మనిషి, తన ఇంటి కథలో యముడికి కూడా తలవంచలేదు.

పటం విప్పేవాళ్లు

కులపురాణం ఆ కులంవాళ్లే చెప్పుకుంటే ఇంటి ముచ్చట అవుతుంది. మరొకరు వచ్చి నలుగురి ముందు చెప్తే సాక్ష్యం అవుతుంది. తెలంగాణ సమాజం ఈ పనికి ఒక ఏర్పాటు చేసుకుంది. ఒక్కో వృత్తికులానికి దాన్ని ఆశ్రయించుకుని బతికే కథకుల కులం ఉంటుంది. పద్మశాలీలకు కూనపులివాళ్లు. గౌడులకు గౌడజెట్టీలు. ముదిరాజులకు కాకి పడగలవాళ్లు. గొల్లలకు మందెచ్చులవాళ్లు. మాదిగలకు డక్కలివాళ్లు. పద్మశాలీలను ఆశ్రయించుకున్న సాధనాశూరులని మరో జట్టు ఉంది. వాళ్లది ఇంద్రజాలం, సాహసవిద్యలు. కథకులు పురాణంలోని అద్భుతాన్ని నోటితో చెప్తే, సాధనాశూరులు కళ్ల ముందు అద్భుతాన్ని చేసి చూపేవాళ్లు. మగ్గానికి ఇన్ని కళలు తోడున్నాయని ఎంతమందికి తెలుసు?

కూనపులివాళ్లు పటం చుట్ట భుజాన వేసుకుని వచ్చేవాళ్లు. ఏ కుటుంబం ఏయే ఊళ్లు తిరగాలో హక్కులు వంశపారంపర్యంగా ఉండేవి. ఒకరి ఊళ్లోకి మరొకరు పోరు. పద్మశాలీల వాడలో పందిరి వేసి, పటాన్ని నిలువుగా వేలాడదీసి, ఒక్కో వరుస విప్పుకుంటూ, కర్రతో బొమ్మ చూపిస్తూ, తాళం మద్దెలలతో కథ సాగించేవాళ్లు. అది ఒక్క రాత్రితో తీరే కథ కాదు. ముందు విఘ్నేశ్వరుడు. తర్వాత సృష్టి, మృకండుడి తపస్సు, యమపాశం, యజ్ఞం, తామర నార, పులి, రాక్షసుడితో యుద్ధం, భద్రావతి పెళ్లి. చివరకు గోత్రాలు. కథ గోత్రాల దగ్గరికి వచ్చేసరికి వింటున్న ప్రతి ఇంటి పెద్దా తన గోత్రం పేరు కోసం చెవి ఒగ్గుతాడు. ఆ పేరు వినిపించగానే సృష్టి మొదటి రోజుకూ ఈ రాత్రికీ మధ్య ఉన్న దూరం చెరిగిపోతుంది. తామర నార తీసిన ఋషికీ, పొద్దున కండె చుట్టిన ముసలమ్మకూ చుట్టరికం కలుస్తుంది.

ఇంగ్లండును నార్మన్లు 1066లో గెలిచిన సంగతిని దాదాపు 70 మీటర్ల నారబట్ట మీద సూదితో కుట్టి పెట్టిన బేయూ వస్త్రం ఐరోపాలో ప్రసిద్ధం. దాన్ని చూడటానికి ప్రపంచం నలుమూలల నుంచీ పోతారు. అది గెలిచిన రాజుల కథ. మన పటం పనిచేసేవాళ్ల కథ. ఏ రాజూ డబ్బివ్వలేదు. నేతగాళ్లు చందాలు వేసుకున్నారు, కథకులు గుండెల్లో దాచుకున్నారు.

పటం పుట్టుక, పటం సాగనంపు

ఈ పటాలు రాసేవాళ్లు నకాషీలు. ఇవాళ ఆ కళకు నిలయంగా మిగిలింది సిద్దిపేట జిల్లా చేర్యాల. ధనాలకోట వైకుంఠం లాంటి కళాకారుల కుటుంబాల వల్ల ఆ పేరు దేశమంతా తెలిసింది. చేర్యాల చిత్రాలకు భౌగోళిక గుర్తింపు కూడా దక్కింది.

ముందు ఖద్దరు బట్ట తీసుకుంటారు. సుద్దమట్టి, చింతగింజల గుజ్జు, గంజి, తుమ్మజిగురు కలిపి పూతలు పూస్తారు. ఒక పూత ఆరాకే మరో పూత. బట్ట గట్టిపడి నునుపెక్కాక కుంచెతో గీతలు దిద్దుతారు. వెనక ఎర్రటి నేల. పూలపట్టీలతో ఒక వరుసను మరో వరుస నుంచి విడదీస్తారు. కథ పై నుంచి కిందికి దిగుతుంది. పటం అడ్డం మూడడుగుల దాకా ఉంటే, పొడవు ముప్పై, నలభై అడుగులు దాటి పోతుంది. ఏ ఘట్టం తర్వాత ఏది రావాలో కథకుడు కూర్చుని చెప్తాడు, నకాషీ రాస్తాడు. అంటే పటానికి ముగ్గురు కర్తలు: డబ్బిచ్చిన నేతగాడు, కథ తెలిసిన కూనపులి, చేయి తిరిగిన నకాషీ. ముగ్గురిలో ఏ ఒక్కరు తప్పుకున్నా పటం పుట్టదు.

పటాన్ని దేవుడి రూపంగా చూస్తారు కాబట్టి దాని సాగనంపూ అలాగే ఉంటుంది. విప్పీ చుట్టీ చిరిగిపోయిన పటాన్ని చెత్తలో వేయరు, అమ్మరు. కొత్త పటం రాయించుకుని, పాతదానికి పూజ చేసి, నీళ్లలో కలుపుతారు. శతాబ్దాల పాటు ఇలా ఎన్నో పటాలు ఏటిపాలయ్యాయి. కథ మాత్రం కొత్త బట్ట మీదికి మారి బతికింది. పాత వస్తువును కాపాడటమే చరిత్ర అని మ్యూజియం అంటుంది. వస్తువు పోయినా కథ ఆగకపోవడమే చరిత్ర అని కూనపులి అంటాడు.

అందుకే మిగిలిన పాత పటాలు కొద్ది. హైదరాబాదులో జగదీశ్ మిత్తల్, కమలా మిత్తల్ దంపతులు ఏర్పరచిన మ్యూజియంలో ఉన్న భావనఋషి పటం 1625 నాటిది. తెలంగాణ పటాల్లో మనకు తెలిసినంతలో అదే పాతది. లండన్‌లోని బ్రిటిష్ మ్యూజియంలో తొమ్మిది మీటర్లు దాటిన మరో తెలంగాణ పటం ఉంది. అదీ పద్మశాలీల కథే. నాలుగు వందల ఏళ్ల కింద కూడా మన పల్లెల్లో ఇదే కథను బట్ట మీద రాయించుకున్నారని చెప్పడానికి 1625 అనే ఒక్క అంకె చాలు.

ఆ ఏడు గోల్కొండ గద్దె మీద ముహమ్మద్ కుతుబ్‌షా ఉన్నాడు. 1612లో రాజ్యానికొచ్చి 1626లో చనిపోయాడు. మచిలీపట్నంలో డచ్చివాళ్లు 1606 నుంచి, ఇంగ్లీషువాళ్లు 1611 నుంచి కొట్లు తెరిచి కూర్చున్నారు. వాళ్లు వచ్చింది ప్రధానంగా బట్ట కోసమే. ఇక్కడ నేసి అద్దిన గుడ్డలు తూర్పు దీవులకు పోయి, అక్కడ మిరియాలు, జాజికాయలుగా మారి ఐరోపాకు చేరేవి. ఇంగ్లీషు వర్తకుడు విలియం మెథోల్డ్ ఆ రోజుల్లో మచిలీపట్నంలో ఉండి గోల్కొండ రాజ్యం గురించి రాసిపెట్టాడు. వర్తకుల లెక్కల పుస్తకాల్లో నేతగాడు ఒక సరుకు పేరు పక్కన మౌనంగా ఉంటాడు. పటంలో అతనే కథానాయకుడు. 17వ శతాబ్దపు తెలంగాణ చరిత్ర రాసేవాళ్లు ఈ రెండు దస్తావేజులనూ పక్కపక్కన పెట్టుకుని చదవాలి. ఒకటి బట్ట ధర చెప్తుంది, రెండోది బట్ట నేసినవాడు తనను తాను ఏమనుకున్నాడో చెప్తుంది.

తొమ్మిది వేల సార్లు

మాయ సంగతి అలా ఉంచి మగ్గం దగ్గరికి వస్తే, బట్టలోకి కాలం నిజంగానే ఎక్కుతుంది. అది నేతగాడి ఆయుష్షు.

పోచంపల్లి, పుట్టపాక ప్రాంతాల చిటికి నేత తీసుకోండి. బొమ్మ బట్ట మీద వేయరు. ఇంకా నేయని నూలు మీదే, ఏ పోగు ఎక్కడ తేలుతుందో ముందే లెక్క కట్టి, రబ్బరు పీలికలతో ముడులు వేసి రంగులో ముంచుతారు. ముడి ఉన్నచోట రంగు ఎక్కదు. వారాల తర్వాత పడుగూ పేకా కలిసినప్పుడు ఏనుగో, పువ్వో, చిలకో బయటపడుతుంది. రేపటి బొమ్మను ఇవాళే దారంలో దాచిపెట్టే విద్య అది.

ఆ రంగులద్దకానికి ముందు ఆసు పోయాలి. ఒక కొసన మేకు, ఎదుట అర్ధచంద్రాకారంలో వరసగా మేకులు. పోగును ఇటు నుంచి అటు, అటు నుంచి ఇటు చేత్తో తిప్పుతూ పోవాలి. ఒక్క చీరకు చేయి సుమారు 9,000 సార్లు ఆడాలి. గంటలకు గంటలు పట్టే ఈ పని ఇంటి ఆడవాళ్లదే. భుజం కీళ్లు అరిగిపోతాయి, మోచేయి లేవదు. ఆలేరు దగ్గరి శారాజీపేటకు చెందిన చింతకింది మల్లేశం తన తల్లి పడే ఈ బాధ చూడలేక 1992లో యంత్రం చేయడానికి పూనుకున్నాడు. పెద్ద చదువు లేదు, చేతిలో డబ్బు లేదు. ఏళ్ల తరబడి తంటాలుపడి 1999లో ఆసు యంత్రం పూర్తిచేశాడు. నాలుగైదు గంటల పని గంటన్నరకు వచ్చింది. 2017లో ఆయనకు పద్మశ్రీ దక్కింది.

భావనఋషి పటంలో చోటు దక్కాల్సిన మనిషి మల్లేశం అని నేను నమ్ముతాను. యముడి పాశం నుంచి పిల్లవాణ్ని విడిపించింది శివుడైతే, ఆసు మేకుల నుంచి వేలమంది తల్లుల భుజాలను విడిపించింది ఈ నేతబిడ్డ. వాళ్లకు రోజూ తిరిగొచ్చిన ఆ గంటలు మార్కండేయుడికి దక్కిన ఆయుష్షు కన్నా తక్కువవి కావు.

మగ్గం వెంట దేవుడు

మిల్లు బట్ట వచ్చాక తెలంగాణ పల్లెల్లో గుంటమగ్గాలు ఒక్కటొక్కటిగా మూతపడ్డాయి. నేతగాళ్లు మూటలు కట్టారు. షోలాపూర్, భీవండి, సూరత్, బొంబాయి. కామారెడ్డి, నిజామాబాద్, కరీంనగర్, నల్లగొండ ప్రాంతాల పద్మశాలి ఇళ్లలో ఈ ఊళ్ల పేర్లు తెలియనివాళ్లు లేరు. షోలాపూర్ దుప్పటి పేరు మోసిందంటే ఆ మగ్గాల వెనక తెలుగు చేతులున్నాయి. అక్కడ శ్రావణ పున్నమినాడు మార్కండేయ రథోత్సవం జరుగుతుంది. మరాఠీ నగరం నడివీధుల్లో తెలుగువాళ్లు తమ మూలపురుషుణ్ని ఊరేగిస్తారు. పొలం వదిలారు, ఇల్లు వదిలారు, మార్కండేయుణ్ని మాత్రం వెంట తీసుకుపోయారు.

కామారెడ్డికి తూర్పున ఉన్న సిరిసిల్ల మరమగ్గాల ఊరైంది. పని దొరకక, అప్పులు తీరక ఆ ఊళ్లో ఎందరో నేతన్నలు ప్రాణాలు తీసుకున్నారు. చావును ఎదిరించిన పిల్లవాడి కథ విని పెరిగిన బిడ్డలు చావును వెతుక్కోవలసి రావడం మన కాలపు అతి పెద్ద సిగ్గు. 2017 నుంచి కొన్నేళ్ల పాటు ప్రభుత్వం బతుకమ్మ చీరల పని ఇవ్వడంతో మరమగ్గాలకు కొంత ఊపిరి ఆడింది. ఆదరణ ఏదైనా పని రూపంలో వచ్చినప్పుడే నేతగాడు నిలబడతాడని ఆ అనుభవం చూపింది.

మగ్గం ఆగితే పటమూ ఆగుతుంది. పోషించే ఇల్లు వలసపోతే కూనపులి ఎవరి వాకిట్లో పందిరి వేయాలి? కథ చెప్పించుకునేవాళ్లు తగ్గారు కాబట్టి పొడుగు పటాలు రాయించేవాళ్లూ తగ్గారు. చేర్యాల కళాకారులు ఇవాళ గోడకు తగిలించుకునే చిన్న బొమ్మలు, ముఖాలు చేసి అమ్ముకుంటున్నారు. వాళ్లు బతకాలి, ఆ బొమ్మలు అందమైనవి కూడా. కానీ నగరంలో డ్రాయింగు రూములో వేలాడే చదరపు బొమ్మలో ముందు వెనకలు లేవు. ఒక ఘట్టం ఉంటుంది, కథ ఉండదు. గోత్రం పేరు వినడానికి చెవి ఒగ్గే పెద్దమనిషి ఉండడు.

ఇది చరిత్రేనా?

కులపురాణం చరిత్ర కాదని కొందరు పండితులు తేలిగ్గా తీసేస్తారు. తామర నారతో ఏ ఋషీ దేవతలకు బట్ట నేయలేదన్నది నిజమే. రాజుల శాసనాల్లో మాత్రం వంశం చంద్రుడి నుంచో సూర్యుడి నుంచో మొదలవుతుంది. అక్కడ పురాణాన్ని పక్కకు పెట్టి చరిత్రను ఏరుకోవడం మనకు తెలుసు. నేతగాడి పటానికీ అదే మర్యాద ఇవ్వాలి. పటం చెప్పే సంగతులు స్పష్టంగా ఉన్నాయి. ఒక వృత్తి తనను తాను దేవకార్యంగా భావించుకుంది. తన పుట్టుపూర్వోత్తరాలను రాయించుకోవడానికి సొంత డబ్బు వెచ్చించింది. తన కథ మరిచిపోకుండా ఇంకో కులానికి అన్నం పెట్టింది. నాలుగు వందల ఏళ్లుగా బట్ట చిరిగినా కథ తెగనివ్వలేదు. ఇంతటి ఎరుకతో తన గతాన్ని కాపాడుకున్న సమాజాన్ని చరిత్ర లేనిదని ఎవరనగలరు?

లింగంపేట మెట్లబావిని బాగుచేసినప్పుడు అందరం సంతోషించాం. రాయికి దక్కిన ఆ శ్రద్ధ బట్టకూ దక్కాలి. 2016 అక్టోబరు 11న ఏర్పడ్డ కామారెడ్డి జిల్లాలో ఊరూరా పద్మశాలి సంఘాలున్నాయి, ఏటా మార్కండేయ జయంతి చేస్తున్నారు. ఆ రోజున జెండా ఎగరేసి, భోజనాలు పెట్టి ఊరుకోకుండా కూనపులి కథకుల్ని పిలిపించి పటం విప్పించండి. మొదటి వరుస నుంచి గోత్రాల దాకా పూర్తిగా చెప్పించి, బొమ్మా పాటా కలిపి రికార్డు చేయించండి. నాలుగైదు సంఘాలు కలిస్తే చేర్యాలలో ఒక పొడుగు పటం రాయించవచ్చు. దానిలో చివరి వరుసలు మీవి: వలస బండి, షోలాపూర్ మిల్లు, సిరిసిల్ల మరమగ్గం, ఆసు యంత్రం. పాత పటాల్లో లేని ఈ ఘట్టాలను చేర్చే హక్కు రాయించుకునేవాళ్లకు ఎప్పుడూ ఉంది. విశ్వవిద్యాలయాలు చేయాల్సింది చాలా ఉంది, కానీ ఈ పని మొదలు కావాల్సింది మీ వాడలోనే. కథ తెలిసిన గొంతులు ఉండగానే కావాలి.

(వచ్చే భాగంలో: గౌడ పురాణం – తాటివనం చెప్పిన చరిత్ర)